బెత్తెడు ఎడం

రజను మాసం, నాలుగు

ఇల్మిసా సరే అంది.

రజను మాసం, ఐదు

నిన్న ఆ ఒక్క ముక్కే గీసి గంటం పక్కన పెట్టేశాను. తీరా ఇవాళ పొద్దున్న లేచేసరికి ఆవిడ నిజంగా సరే అందా, నేనే అలా విన్నానా అని అనుమానం పట్టుకుంది. అందుకని జరిగింది జరిగినట్టు రాసుకుంటున్నాను.

నేను నా ఖంగుమాను ఎక్కి, లోహపు కొమ్మల కొసలు ఆకురాయితో రాస్తూ రజను రాలుస్తున్నాను. ప్రహరీ అవతల ఇల్మిసా తన చెట్టు మొదట్లో రాలిన ఆకులు ఊడుస్తోంది. మంచి ఆకు ఊడిస్తే గలగలమంటుంది. తుప్పు పట్టిన ఆకు గరగరమంటుంది. ఆ గరగరలో నా మాట వీధిలో ఎవరికీ వినిపించదు కదా అని ధైర్యం చేశాను. చెట్టు మీద నుంచే అడిగాను. కిందికి దిగి అడిగితే మొహం చూడాలి.

"మెరుపులు వెళ్లిపోయాక మా ఇంటికి వచ్చేయకూడదూ?"

చీపురు ఆగలేదు. "మీ అక్క ఏమంటది?"

"మా అక్కే అడగమంది."

"అంటే మీకు లేదా?"

"ఉంది."

"అయితే చూద్దాం" అంది. ఇంకాసేపు ఊడ్చాక "సరే" అంది.

చూద్దాం తర్వాత సరే అంటే సరే కిందే లెక్క.

ఊమ్రా అక్కకి చెబితే గరిటె జావకుండలో వదిలేసి రెండు చేతులూ నెత్తి మీద పెట్టుకుంది. "హమ్మయ్య! ఇంక నీకు జావ కాచే పీడ వదిలిందిరా తెర్ఖో. ఏళ్ల తరబడి చూస్తున్నా. వీధిలో మగాళ్లందర్నీ అన్నా అంటది, బావా అంటది, చిన్నాన్నా అంటది. నిన్నొక్కణ్ణే 'ఏవండీ' అంటది. గుడ్డోడిక్కూడా తెలుస్తది. నీకు తెలవలేదు."

నాకూ తెలుసు. తెలియనట్టు ఉన్నాను, అంతే. నా భార్య సెరూ పోయి చాలా ఏళ్లయింది. వాళ్లాయన గహ్రిన్ పోయాక ఇల్మిసా కూడా ఒంటరిగానే నెట్టుకొస్తోంది. ఈ వయసులో నాకు పెళ్లేమిటని ఊరుకున్నాను. ఇప్పుడైనా ఇది నా కోసం కాదు. అక్కకి మోకాళ్ల నొప్పులు.

రజను మాసం, తొమ్మిది

ఇవాళ ప్రహరీ మీది కొమ్మల పని. నా చెట్టుదొకటి, ఆవిడ చెట్టుదొకటి, ఏటా ఒకదాని మీదికి ఒకటి పాకుతాయి. మెరుపు మాసం రాకముందే రాసేసి, పిడుగుకి అతుక్కోకుండా మధ్యలో బెత్తెడు ఎడం పెట్టాలి. ఇద్దరం చెరో వైపు నిచ్చెన వేసుకుని ఎక్కాం. నా కొమ్మ పూర్తయింది. ఆవిడది చాలావరకు అయింది. చివర పుల్ల ఒకటి మిగిలేసరికి పెద్దపొద్దు ఎప్పుడో దిగిపోయింది, చిన్నపొద్దు కూడా కొండ మీద వాలింది. అది నేను చూస్తాలే, అనుకుని దిగిపోయాం.

ఆవిడ చెట్టు పరిస్థితి బాగాలేదు. తుప్పు మొదట్నుంచి పంగ దాకా ఎక్కేసింది. గోరు ఆనిస్తే పొలుసులు లేచి వస్తున్నాయి. అంతకుముందు ఇల్మిసా వాళ్లమ్మ కత్తెర పాతినట్టే, గహ్రిన్ పోయినప్పుడు అతని గునపం, ఉలి, సుత్తి అన్నీ ఆ మొదట్లోనే పాతిపెట్టాం. వాటిని తిని ఒక ఏడాది నిగనిగలాడింది. ఆ తర్వాత నుంచీ ఇదే వరస.

"ఈ మెరుపులకి నిలబడతదంటారా?" అని అడిగింది. అడగదా మరి! చెట్టు పోయిన ఇంటి మీద పిడుగు నేరుగా దిగుతుంది. అలాంటి ఇంట్లో మనిషిని ఉండనివ్వరు. మూటాముల్లే సర్దుకుని కొండ అవతల గుహల్లోకి పోవాల్సిందే.

ధైర్యం చెబుదామని, "నిలబడకపోతే ఏముంది, ఎలాగూ మా ఇంటికే వస్తున్నావు కదా" అన్నాను.

ఎందుకో మొహం మాడిపోయింది. నిచ్చెన దిగేటప్పుడు చెయ్యి అందిస్తే పట్టుకోలేదు. నేనిప్పుడు ఏం తప్పు మాట్లాడాను?

రజను మాసం, పదమూడు

నడుం పట్టేసింది. చెట్టెక్కలేదు. అక్క కాపడం పెడుతూ, పెళ్లికొడుకు నడుం ఇలా ఉంటే ఎట్లాగని వీధంతా వినిపించేలా నవ్వింది.

రజను మాసం, పదహారు

ఇల్మిసా చెట్టు ఇవాళ గలగలమంది. నిజంగానే. పైకొమ్మల్లో కొన్ని ఆకులు రాగి రంగు తిరిగాయి. సంతోషంగా ఉన్నవాడి చెవికి అన్నీ అలాగే వినిపిస్తాయి కాబోలు.

మా చెట్టు గలగలే కొంచెం మందంగా ఉంది. గాలి లేదు, అందుకే.

ఆవిడకి చెబుదామని ప్రహరీ దాకా వెళ్లాను. "ఆ, చూశా చూశా" అని గబగబా లోపలికి పోయి తలుపేసుకుంది. నా మాట కోసం ఎదురుచూసే మనిషి అలా తలుపేసుకోవడమేమిటో.

రజను మాసం, పద్దెనిమిది

మెరుపులు వచ్చేశాయి. మాసం ఇంకా మారనే లేదు! ఇంత ముందుగా రావడం నా బతుకులో చూడలేదు. చెట్టు మీద పిడుగు పడ్డప్పుడల్లా కుండలు, తలుపులు, నోట్లో పళ్లు అన్నీ అదిరిపోతున్నాయి. ఇల్మిసా ఇంట్లో ఒక్కతే ఉంది.

రజను మాసం, పంతొమ్మిది

అతుకు పడింది.

రజను మాసం, ఇరవై

నిన్న ఇంకేమీ రాయలేకపోయాను.

వాన తెరిపిచ్చాక అక్క కల్లాపి చల్లడానికి వాకిట్లోకి వెళ్లి కేక పెట్టింది. నేను పరుగెత్తుకెళ్లేసరికి ప్రహరీ మీదికి వేలు చూపిస్తోంది, నోట మాట లేదు. మా అక్కకి నోట మాట రాకపోవడం అదే మొదటిసారి. ఇల్మిసా చెట్టు పుల్ల, నా చెట్టు కొమ్మ కొస, రెండూ కరిగి ఒకటైపోయాయి. నా బొటనవేలంత లావు అతుకు. ఇంకా వెచ్చగా ఉంది, నీలంగా మెరుస్తోంది. చూడటానికి అందంగా ఉంది, అది ఇంకా ఘోరం.

ఎప్పుడు చేరారో, వీధి వీధంతా మా వాకిట్లో ఉంది. ఇల్మిసా తన గుమ్మంలో నిలబడిపోయింది. కాళ్లు కూడా కడుక్కోలేదు.

అతుకు పడితే రెండిళ్లది ఒకటే నెత్తురు. ఇది పుట్టినప్పటి నుంచీ వింటున్న సంగతే. మా తాతకీ ఎదురింటి ముసలాయనకీ అలా కలిసిందే వరస, అందుకే ఆయన మనవడు జొర్హాన్ నాకు తమ్ముడవుతాడు. ఆ తమ్ముడే అందరికంటే ముందు నోరు విప్పాడు. "ఏం తెర్ఖో అన్నా, పెళ్లికొడుకువి కాస్తా పెళ్లికూతురికి అన్నవైపోయావే! ఇంక నీ చేత్తోనే దగ్గరుండి ఇంకోడికిచ్చి పంపాలి."

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఎందుకు నవ్వానో!

అతుకులకి మోత పెట్టి తీర్పు చెప్పే నెల్హూ అవ్వని ఇద్దరు పట్టుకుని తీసుకొచ్చారు. అవ్వ అతుకు ముట్టుకోలేదు, కింద నుంచే చాలాసేపు చూసింది. ఎప్పుడూ చెప్పే మాటలే మళ్లీ చెప్పింది. "మెరుపు మాసం వెళ్లేదాకా దీని మీద ఎవడి చెయ్యీ పడకూడదు. తుప్పు మాసం మొదటి రోజున మోత పెడదాం. పాత చెట్టోడు కొడతాడు, రెండో చెట్టామె తన మానుకి చెవి ఆనించి వింటది. మోత వచ్చిందంటే అన్నాచెల్లెళ్లు, చచ్చేదాకా. రాలేదంటే అది పొల్లతుకు. రాసి పారేసి మీ పెళ్లేదో మీరు చేసుకోండి. అప్పటిదాకా నోటికి మంచిది, అన్నా చెల్లీ అనుకుంటుండండి."

వచ్చిందో రాలేదో చెప్పాల్సింది వినే మనిషే. ఒకరింటి చెట్టుకి ఇంకొకరు చెవి ఆనించరు, అవ్వ కూడా.

అవ్వ వెళ్తూ వెళ్తూ ఇల్మిసా చెట్టు వైపు తల తిప్పి, "ఇది బతికేటట్టుందే" అంది.

రజను మాసం, ఇరవై రెండు

ఆ పుల్ల నేను చూస్తాలే అన్నది ఎవరు?

ఆవిడే అంది. నాకు బాగా గుర్తు. నిచ్చెన రెండో మెట్టు మీద ఉండగా అంది.

రజను మాసం, ఇరవై మూడు

నేనే అన్నానేమో. ప్రతి ఏడూ నేనే అంటాను కదా. తర్వాత నడుం పట్టేసి మరిచిపోయి ఉంటాను.

తొమ్మిదో నాడు రాసుకున్న ఆకు వెతికి తీశాను. "అది నేను చూస్తాలే, అనుకుని దిగిపోయాం" అని ఉంది. ఎవరు అనుకున్నారో రాయలేదు. నా రాతకి నేనే దొరకలేదు.

అయినా నా కొమ్మ ఆకురాయితో పొట్టిగా రాశాను. ఆ పుల్ల నా కొమ్మని అందుకోవాలంటే వంగాలి. పుల్లలు వాటంతటవే వంగవు. పెద్దగాలికి వంగుతాయేమో.

మెరుపు మాసం, రెండు

"అన్నా, మీ చెట్టు రజను మా గోడ మీద పడుతోంది."

ఈ మాట అన్నది ఇల్మిసా. నాతో.

మెరుపు మాసం, మూడు

జావ సయించలేదు. దుంపలు మాడ్చిందని అక్క మీద అరిచాను. దుంపలు బాగానే ఉన్నాయి.

మెరుపు మాసం, ఏడు

ఒక రకంగా ఇదే మంచిది. ఉన్నదున్నట్టు రాసుకుంటే, నాకు ఒంటరిగా ఉండటం అలవాటైపోయింది. ఇంట్లో ఇంకో మనిషి వస్తే ఆకురాయి ఎక్కడ పెట్టావు, కాళ్లు ఎందుకు తుడుచుకోలేదు అని రోజూ గొడవ. చెల్లెలంటే ఆ గొడవ లేదు. పక్కింట్లోనే ఉంటుంది, పండక్కి దుంపలు పంపితే చాలు. నాకు చెల్లెలు లేని లోటు కూడా తీరింది.

ఇది రాస్తుంటే అక్క వెనక నుంచి తొంగిచూసి, "ఎవడి కోసంరా ఈ అబద్ధాలు, చదివేదీ నువ్వే కదా?" అంది. ఆకులు దాచుకోవాలి.

మెరుపు మాసం, పది

ఇల్మిసా చెట్టు చూస్తుండగానే తేరుకుంటోంది. పంగ దగ్గర తుప్పు పొలుసులు పొలుసులుగా ఊడిపోయి కింద కొత్త బెరడు ఎర్రగా కనిపిస్తోంది. మొన్నటి పిడుగుకి ఖంగుమని ఎంత గట్టిగా మోగిందంటే జొర్హాన్ పెళ్లాం చేతిలో కుండ వదిలేసింది.

మా చెట్టు పడమటి కొమ్మకి చిలుము పట్టింది. పెద్ద చెట్టు, దానికేం కాదు.

అక్క ఇవాళ ఉండబట్టలేక అనేసింది. "నీ చెట్టు పాలు అది తాగుతోందిరా. నీకింకా తెలవట్లేదా? ఆ పిల్ల కావాలనే వదిలేసింది పుల్లని. నువ్వు కావాలా ఇల్లు కావాలా అంటే ఇల్లు కావాలనుకుంది. దాని తప్పు లేదు. మొగుడి గునపం తిన్న చెట్టు, దాని చేత్తో నీళ్లు పోసిన చెట్టు. నువ్వేం పెట్టావు దానికి? చెట్టు మీద నుంచి ఒక మాట అడిగావు."

"ఇల్మిసా అలాంటిది కాదు" అన్నాను.

"అలాంటిదంటే ఎలాంటిదిరా? నేను తిట్టట్లేదు. నేనైనా అదే చేస్తా."

నాకు కోపం వచ్చింది. అక్క మీద కాదు, ఎవరి మీదో తెలియలేదు. ఆవిడ నన్ను వద్దనుకుంటే ముందే వద్దనొచ్చు. సరే అని, చీపురు పట్టుకుని మరీ సరే అని, పుల్ల వదిలేస్తుందా? సరే అన్న మనిషీ, పుల్ల వంచిన మనిషీ ఒకరే ఎలా అవుతారు?

మెరుపు మాసం, పదకొండు

ఎలా అవుతారు?

మెరుపు మాసం, పదిహేను

అడిగేశాను.

మధ్యాహ్నం వాన లేదు. ఆవిడ తన చెట్టుకి ఆనుకుని కూర్చుని పాత తుప్పు గోకుతోంది. నేను ప్రహరీ ఇవతల నిలబడ్డాను. ఈసారి చెట్టెక్కలేదు.

"ఆ పుల్ల ఎవరు చూస్తామన్నారు?"

గోకడం ఆపింది. "నేనే అన్నా."

"మరి?"

"చూశా. చూసి, వంచి మీ కొమ్మకి ఆనించా."

ప్రహరీ పట్టుకున్నాను. ఆవిడ నా వైపు చూడకుండానే చెప్పుకుపోయింది. "మా అమ్మ చేసేది. జబ్బు చెట్టుకి పక్క చెట్టు కొస ఆనిస్తే ఎంగిలి పడతది, కొంచెం కోలుకుంటది. మెరుపులకి ముందే విడదీసేస్తే ఏ అతుకూ పడదు, ఎవరికీ తెలవదు. నాలుగు రోజులు ఉంచి తీసేద్దామనుకున్నా. మెరుపులు ముందొచ్చి చచ్చినయ్."

"నాతో ఒక్క మాట అనకూడదా? మా చెట్టే కదా, వద్దంటానా?"

"అనరు. అందుకే అడగలా."

"అదేమిటి?"

"ఏవండీ..." అని నాలుక కరుచుకుంది. "చెట్టు చచ్చాక మీ ఇంటికొచ్చాననుకోండి. పొద్దున్నే జావ పోసుకుంటా. మీ అక్క చూస్తది. ఏమీ అనదు పాపం. కానీ చోటు లేక వచ్చింది అనుకుంటదేమోనని నాకు రోజూ ఉంటది. మీకూ ఉంటది. అసలు నాకే ఉంటది, నేను ఈయన కోసం వచ్చానా, గుహలకి పోలేక వచ్చానా అని. చెట్టు పచ్చగా ఉండంగా, ఇల్లు నిలబడి ఉండంగా, తలుపు నేనే వేసి రావాలనుకున్నా. మీరేమో నిలబడకపోతే ఏముంది అన్నారు."

"నేను ధైర్యానికి అన్నానే!"

"తెలుసు. అందుకే ఇంకా మండింది."

అక్క చెప్పింది తప్పని తేలినందుకు ముందు సంతోషం వేసింది. వెంటనే ఏడుపు వచ్చింది. వద్దనుకుని వదిలేసిందంటే కోపంతో బతికేయొచ్చు. నా కోసమే ఇంత చేసి, నన్నే అన్నని చేసుకున్న మనిషిని ఏం చేయాలి?

"మరి ఇప్పుడేం చేద్దాం?" అన్నాను.

"చెట్టు బాగుంది చూడండి" అంది. అది జవాబు కాదు. మళ్లీ అడిగాను, నీకేం కావాలి అని. చాలాసేపు తుప్పు గోకింది. "తెలవట్లేదు. పొద్దున లేచి దీన్ని చూస్తే ఇదే కావాలనిపిస్తది. మీ ఇంట్లో దగ్గు వినిపిస్తే..." అని ఆగిపోయింది.

నాకు దగ్గు లేదు. పొద్దున్న పళ్లు తోముకునేటప్పుడు కొంచెం దగ్గుతాను, అంతే. అది ప్రహరీ దాటి వినిపిస్తుందని నాకు తెలియదు.

మెరుపు మాసం, పద్దెనిమిది

మోత వస్తే: చెట్టు బతుకుతుంది, ఇల్లు ఉంటుంది, మేం అన్నాచెల్లెళ్లం.

రాకపోతే: అతుకు తీసేస్తాం. ఆసరా పోయిన చెట్టు నిలవదు. మాకు పెళ్లి.

ఎటు చూసినా ఒకటి కూలిపోతోంది. ఏది కూలితే నాకు తక్కువ బాధ అని ఆలోచించాను. తర్వాత, ఏది కూలితే ఆవిడకి తక్కువ బాధ అని ఆలోచించాను. రెండిటికీ ఒకే జవాబు రావడం లేదు. అసలు జవాబే రావడం లేదు.

మెరుపు మాసం, ఇరవై ఒకటి

పాత చెట్టు నాది కాబట్టి సుత్తి నా చేతికే ఇస్తారు. ఎముక సుత్తి తేలిక. మణికట్టు కొంచెం వదులు చేసి కొడితే మోత నా మానులోనే తిరిగి చచ్చిపోతుంది, అవతలికి దాటదు. ఎవరికీ తెలియదు. అలా చేస్తానని కాదు. ఊరికే అనుకుంటున్నాను.

మెరుపు మాసం, ఇరవై ఐదు

ఇల్మిసా ప్రహరీ దగ్గరికి వచ్చింది. నా మనసులోది చదివినట్టు, "గట్టిగా కొట్టండి. దొంగదెబ్బ కొడితే నాకు తెలుస్తది" అంది.

"గట్టిగా కొడితే ఏమవుతుందో తెలుసు కదా?"

"తెలుసు."

అంటే చెట్టే కావాలి. సరే. చెప్పేసింది కదా, ఇంక గొడవ లేదు. హాయిగా ఉంది.

మెరుపు మాసం, ఇరవై ఆరు

హాయిగా ఏమీ లేదు.

తుప్పు మాసం, ఒకటి

పెద్దపొద్దు దిగిపోయింది, గీతలు సరిగ్గా కనిపించడం లేదు. అయినా ఇవాళే రాయాలి. రేపటికి ఇదంతా నేను కల్పించుకున్నట్టు అనిపిస్తుంది.

పెద్దపొద్దు ఎక్కగానే అందరూ వచ్చేశారు. సగం మంది మా వాకిట్లో, సగం మంది ఆవిడ వాకిట్లో. జొర్హాన్ కొడుకుని భుజాలకెత్తుకుని మరీ వచ్చాడు, తిరునాళ్లకి వచ్చినట్టు. నెల్హూ అవ్వ నా చేతికి సుత్తి ఇచ్చి ప్రహరీ దగ్గర పీట వేయించుకుని కూర్చుంది, రెండు చెట్లూ కనిపించేలా. ఇల్మిసా కొత్త రుమాలు కట్టుకుంది. చెల్లెలయ్యేటప్పుడు కట్టుకునేదే. అక్క దాన్ని చూసి మొహం పక్కకి తిప్పుకుంది.

మెల్లగా కొట్టాలనే అనుకున్నాను. ఇందులో దాపరికం ఎందుకు? ఆవిడ గట్టిగా కొట్టమన్నా సరే, దొంగదెబ్బే కొట్టి, చెట్టు పోయినా సరే, మనిషిని తెచ్చుకుందామనే సుత్తి ఎత్తాను. ఎత్తి అవతలికి చూశాను. ఆవిడ చెంప మానుకి ఆనించి కళ్లు మూసుకుంది. అరచెయ్యి కొత్త బెరడు మీద పెట్టుకుంది, పడుకున్న పిల్ల వీపు మీద పెట్టినట్టు. ఆ చెట్టు చచ్చిపోకూడదనిపించింది. అంతకంటే ఏమీ అనిపించలేదు. రెండు చేతులతో కొట్టాను.

ఇంత మోత నా చెట్టు ఎప్పుడూ పెట్టలేదు. కొమ్మలన్నీ ఒక్కసారి గలగలమన్నాయి. అతుకు దగ్గర వెలుగు జరజరా పాకింది. ఆవిడ చెట్టు ఆకులు కొస దాకా వణికాయి. జొర్హాన్ కొడుకు చెవులు మూసుకుని ఏడుపు లంకించుకున్నాడు.

అవ్వ అడిగింది. "ఇల్మిసా, వచ్చిందా?"

ఆవిడ కళ్లు తెరవలేదు. చాలాసేపు అలాగే ఆనుకుని ఉంది. మోత మొత్తం అయిపోయేదాకా ఉంది. చివరి ఆకు ఆగిపోయాక తల ఎత్తి,

"రాలేదు" అంది.

అవ్వ చెయ్యి చెవి వెనక పెట్టుకుని, "ఏంటీ?" అంది.

"రాలేదవ్వా."

"రాకపోవడమేంటి!" జొర్హాన్ ఆగలేకపోయాడు. "మా ఇంట్లో గిన్నెలు కూడా మోగినయ్!"

"నీ చెట్టా అది? నోరు మూసుకో" అని అవ్వ కసిరింది. నా వైపు తిరిగి, "ఇంకోసారి కొట్టు" అంది.

కొట్టాను. ఇంకా గట్టిగా. ఎందుకంటే నాకేమీ అర్థం కాలేదు, కొట్టమంటే కొట్టడం తప్ప ఏం చేయాలో తెలియలేదు. ఈసారి వీధి చివరి చెట్లు కూడా బదులు పలికాయి.

"రాలేదు."

అవ్వ పీట మీద నుంచి లేచింది. ప్రహరీ దాకా వచ్చి ఆవిడ మొహంలోకి చూసింది. "ఇదిగో పిల్లా, ఇంకొక్కసారే అడుగుతా, తర్వాత అడగను. ఈ అతుకు తీసేస్తే నీ చెట్టు ఈ మాసం దాటదు. మీ ఆయన గునపం, మీ అమ్మ కత్తెర అన్నీ అందులోనే ఉన్నయ్. ఆలోచించుకుని చెప్పు. మోత వచ్చిందా?"

"రాలేదు" అంది ఇల్మిసా.

"పొల్లతుకు" అంది అవ్వ, అందరికీ వినిపించేలా. "రాసెయ్యండి."

వాకిళ్లలో గుసగుసలు. ఊరంతటికీ వినపడింది దానికొక్కదానికే వినపళ్లేదు అని ఎవరో అన్నారు. మా అక్క అటు తిరిగి, "నీకేం నొప్పే? నీ చెవులు నువ్వు చూసుకో!" అని విరుచుకుపడింది. తర్వాత చెంగుతో మొహం తుడుచుకుంది.

మళ్లీ నిచ్చెనలు వేసుకున్నాం, చెరో వైపు. నా చేతికి ఆకురాయి వచ్చింది కానీ చెయ్యి కదల్లేదు. ఆవిడ తన వైపు పుల్ల రెండు చేతులతో పట్టుకుంది, తెగేటప్పుడు చెట్టు అదరకుండా. ఆవిడ చెంప మీద బెరడు గరుకు అచ్చుపడి ఎర్రగా ఉంది.

"నిజంగా రాలేదా?" అని మెల్లగా అడిగాను.

"ఎవరింటి చెట్టు మాట వాళ్లది" అంది. "ఏం చూస్తున్నావ్? రాయి." నన్ను నువ్వు అనడం ఇప్పుడే విన్నాను.

"ఇల్మిసా, ఇది పోతే నీకు తలుపు వేసి రావడానికి ఇల్లు ఉండదు."

"ఇవాళ ఉంది కదా" అంది. "ఇవాళే చెప్పేశా. అది చాలు. రాయి, చేతులు లాగేస్తున్నయ్."

రాశాను. రజను ఇద్దరి మీదా పడింది. అతుకు గట్టిగా ఉంది, పొల్లు అతుకు అంత గట్టిగా ఉండదు. ఆకురాయి రెండుసార్లు జారింది. చివరి పొర తెగినప్పుడు ఆవిడ చెట్టు లోపల్నుంచి సన్నగా ఒక మోత వచ్చి ఆగిపోయింది. ఆవిడ కళ్లు మూసుకుంది.

అందరూ వెళ్లిపోయారు. ఇప్పుడు చిన్నపొద్దు ఒక్కటే ఉంది. కిటికీలోంచి కనిపిస్తోంది. ఇల్మిసా తన చెట్టు మొదట్లో కూర్చుంది. ఆకులు అప్పుడే రాలడం మొదలైంది. ఊడవడం లేదు. ఒళ్లో పడినవి పడినట్టే ఉంచుకుంది. ఏడుస్తోంది, చప్పుడు లేకుండా, భుజాలు మాత్రం కదులుతున్నాయి.

నేను గెలిచానా? అలా అనిపించడం లేదు. నాకు కావాల్సింది నాకు దొరికింది, ఆవిడ చేతులారా ఇచ్చింది, అయినా నా గుండెల్లో ఏదో తెగినట్టుంది. ఇంత చేయడానికి నాలో ఏం చూసిందో నాకు తెలియదు. నేను అడిగినా చెప్పదు.

ఇవాళ్టికి నేను ఆవిడకి అన్నని కాను. మొగుణ్ణి ఇంకా కాలేదు. ఏమీ కాని మనిషి వెళ్లి పక్కన కూర్చోవచ్చో లేదో అవ్వ చెప్పలేదు. కూర్చుంటే ఏం మాట్లాడాలో అసలే తెలియదు. నేను ధైర్యం చెబితే ఏమవుతుందో చూశాను కదా.

మాట్లాడకుండా కూర్చుంటాను. వెళ్తున్నాను.